ఖిసాస్ నుంచి ఉరికంబం దాకా: మాఫీ చేసే హఖ్ ఎవరిది?

2025 అక్టోబరు 31న చిత్తూరు కోర్టు ఐదుగురికి ఉరిశిక్ష వేసింది. మేయర్ కటారి అనురాధ, ఆమె భర్త మోహన్ హత్య కేసు అది. 2015 నవంబరు 17న, పట్టపగలు, కార్పొరేషన్ ఆఫీసులోనే జరిగిన ఖూనీలు. తీర్పు రావడానికి దాదాపు పదేళ్ళు పట్టింది. దాన్ని హైకోర్టు ఖరారు చేస్తేనే శిక్ష అమలవుతుంది. అంటే ఆ కథ ఇంకా ముగియలేదు.

ఆ మరుసటి రోజు ఐరాలలో టీ అంగడి దగ్గర అందరి నోటా అదే మాట. నాకు బాగా తెలిసిన రైతు ఒకాయన గ్లాసు పక్కన పెట్టి అన్నాడు: "ఏం భాయ్, మీ షరియత్ లో అయితే పదేళ్ళు ఎందుకు, పది రోజుల్లో తేల్చేసి తల తీసేసుందురు గదా! మన చట్టం కంటే మీదే మేలబ్బా."

ఆయన తిట్టలేదు, మెచ్చుకున్నాడు. తిట్టుంటే జవాబు చెప్పడం సులువు. మెచ్చుకోలుకి జవాబు చెప్పాలంటే చాలా దూరం వెనక్కి పోవాలి. నేను నవ్వి ఊరుకున్నాను. ఇంటికొచ్చాక మాత్రం మనసు ఊరుకోలేదు. మన మజహబ్ ని జల్లాద్ చేతి కత్తిగా చూసేది తిట్టేవాళ్ళు మాత్రమే కాదు, ఇష్టపడేవాళ్ళు కూడా అలాగే చూస్తున్నారు. మనలో చాలామంది సైతం అంతే. ఇంతకీ ఈ ఉరితాడు ఎక్కడి నుంచి వచ్చింది? దాన్ని తీసేయాలని ఎవరు పోరాడారు? ఆయనకు టీ అంగడి దగ్గర చెప్పలేకపోయిన జవాబు ఇది.

ఖిసాస్ అంటే ఏమిటి?

ఇస్లాంకు ముందు అరబ్బు తెగల్లో ఒక ప్రాణానికి ఒక ప్రాణం అనే లెక్క ఉండేది కాదు. మా తెగ పెద్దను చంపారు కాబట్టి మీ తెగలో పదిమందిని చంపుతాం అనేవాళ్ళు. ఒక ఒంటె గొడవతో మొదలైన బసూస్ యుద్ధం నలభై ఏళ్ళు సాగిందని అరబ్బులు చెప్పుకుంటారు. అలాంటి సమాజానికి ఖిసాస్ ఒక హద్దు గీసింది. ఖాతిల్ ఒక్కడే జవాబుదారీ, వాడి అన్నదమ్ములు కాదు, తెగ కాదు.

అయితే ఖిసాస్ ఒంటరిగా రాలేదు. అల్ బఖరా సూరాలో 178వ ఆయతు చదవండి. ఖిసాస్ తో మొదలైన ఆ ఆయతే మాఫీ గురించి కూడా చెబుతుంది. అలా చెప్పేటప్పుడు చనిపోయినవాడి వారిసును చంపినవాడికి సోదరుడిగా పేర్కొంటుంది. మధ్యలో శవం ఉండగా సోదరుడు అనే మాట! అల్ మాయిదా 45వ ఆయతు ఇంకో మెట్టు పైకెక్కి, మాఫీ చేసినవాడికి అది కఫ్ఫారా అవుతుందని, అంటే అతని సొంత గునాహ్ లకు పరిహారమవుతుందని చెబుతుంది.

అంటే మఖ్తూల్ వారిసుల ముందు మూడు దారులు ఉంటాయి. ఒకటి ఖిసాస్ కోరడం. రెండోది దియత్, అంటే రక్తపరిహారం తీసుకోవడం. మూడోది ఏమీ తీసుకోకుండా అల్లాహ్ కోసం మాఫీ చేయడం. హనఫీ ఫిఖహ్ లో ఇంకో మాట ఉంది. వారిసులు పదిమంది ఉండి, తొమ్మిదిమంది ప్రాణానికి ప్రాణం కావాలన్నా, ఒక్కరు మాఫీ చేస్తే చాలు, ఖాతిల్ మెడ మీది కత్తి దిగిపోతుంది. రుజువులో షుబహా, అంటే అనుమానం, ఉన్నా ఖిసాస్ లేదు. టీ అంగడి మిత్రుడికి తెలిసిన షరియత్ లో తల తీయడం ఒక్కటే ఉంది, ఈ తలుపులేవీ లేవు.

నిజాయితీగా ఇంకో సంగతి కూడా ఒప్పుకోవాలి. మన సుల్తానులూ, బాదుషాలూ ఈ తలుపుల దగ్గర ఆగిపోలేదు. వాళ్ళకు సియాసత్ అనే ఇంకో ఇఖ్తియార్ ఉండేది. రాజ్యం కోసం అనే పేరుతో ఏనుగుల కాళ్ళ కింద తొక్కించారు, తలలు నరికించారు, కోట గుమ్మాలకు వేలాడదీశారు. దానికి మజహబ్ పేరు పెట్టి సమర్థించడం నాకు చేతకాదు. నేను చెబుతున్నది రాజుల సంగతి కాదు. మామూలు మనిషి ఖూనీ అయితే అడిగే హఖ్ ఎవరిదని షరియత్ చెప్పిందో ఆ సంగతి.

చిత్తూరు అదాలతులో జరిగిన మార్పు

1801లో ఆర్కాటు నవాబు చేతిలోంచి మన సీమ ఈస్టిండియా కంపెనీ చేతికి వెళ్ళింది. 1802లో కంపెనీ మద్రాసు ప్రెసిడెన్సీకి కొత్త అదాలతుల ఏర్పాటు చేసింది. కింద జిల్లా కోర్టులు, వాటి పైన నాలుగు ప్రొవిన్షియల్ కోర్టులు, అన్నిటికీ పైన మద్రాసులో ఫౌజుదారీ అదాలతు. ఆ నాలుగు ప్రొవిన్షియల్ కోర్టుల్లో ఒకటి మచిలీపట్నంలో, ఒకటి తిరుచినాపల్లిలో, ఒకటి తలస్సేరిలో ఉండేవి. నాలుగోది మన చిత్తూరులో. ఇప్పుడు కలెక్టరాఫీసు పని మీద బస్సెక్కి పోయే చిత్తూరు ఒకప్పుడు ఇంత పెద్ద అదాలతు ఊరు.

ఆ కోర్టు పద్ధతి ఈనాటి వాళ్ళకు వింతగా ఉంటుంది. జడ్జీ ఇంగ్లీషు దొర. పక్కన ఖాజీ, ముఫ్తీ ఉంటారు. సాక్ష్యాలు విని వాళ్ళు ఫత్వా రాస్తారు. ముస్లింలకే కాదు, ఊళ్ళో ఏ కులం వాడు ఖూనీ చేసినా, ఏ కులం వాడు చనిపోయినా ఇదే పద్ధతి. మరణశిక్ష పడితే కాగితాలు మద్రాసు ఫౌజుదారీ అదాలతుకు పోవాలి, అక్కడ ఖరారు కావాలి.

ఇంగ్లీషువాళ్ళకు ఈ చట్టంలో నచ్చనివి చాలా ఉన్నాయి. కొన్ని నచ్చకపోవడంలో న్యాయం ఉంది. ముస్లిం మీద ముస్లిమేతరుడి సాక్ష్యం చెల్లదనే నియమం అలాంటిది. ఏ ఆయుధంతో చంపాడన్నదాన్ని బట్టి నేరం పెద్దదో చిన్నదో తేల్చే ఇమామ్ అబూ హనీఫా అభిప్రాయం ఇంకొకటి. ఆయుధం కాదు, నియ్యత్ చూడాలన్నారు. అదీ సరైనదే, ఇమామ్ గారి శిష్యులు కూడా ఆయనతో అక్కడ విభేదించారు. కానీ వీటితో పాటు వాళ్ళు ఇంకోటి తీసేశారు. వారిసుల మాఫీ హఖ్. కారన్ వాలిస్ 1790లో బెంగాల్ లో చేసిన రెగ్యులేషన్ తో అది మొదలైంది, ఆ దశాబ్దంలోనే పూర్తయింది. వారిసులు మాఫీ చేసినా, ఫిర్యాదు చేయకపోయినా, వాళ్ళందరూ హాజరై ఖిసాస్ అడిగినట్టే భావించి ముఫ్తీ ఫత్వా రాయాలి. మద్రాసు రెగ్యులేషన్లు ఆ బెంగాల్ నమూనా మీదే వచ్చాయి.

ఈ లెక్కన అక్కడ ఏం జరిగేదో ఊహించుకోండి. కొడుకు చనిపోయిన తల్లి చిత్తూరు అదాలతు మెట్ల మీద నిలబడి "నేను మాఫీ చేస్తున్నా" అన్నా ఆ మాట దఫ్తరులోకి ఎక్కదు. ఆమె ఖిసాస్ అడిగినట్టే కాగితం రాసుకుంటుంది. కాగితం మీద షరియత్, దాని లోపల సర్కారు హుకుం. ఖిసాస్ ను ఉంచుకుని మాఫీని తీసేసిన షరియత్ షరియత్ కాదు, అది తాడు మాత్రమే.

ఎందుకు చేశారంటే దానికి వాళ్ళ కారణం వాళ్ళకు ఉంది. డబ్బున్నవాడు వారిసులను బెదిరించో, కొనేసో బయటపడుతున్నాడని అన్నారు. అది పూర్తిగా అబద్ధం కాదు, మళ్ళీ ఆ మాటకొస్తాను. కానీ అసలు కారణం ఇంకోటి కూడా ఉంది. ప్రాణం తీసే ఇఖ్తియార్, ప్రాణం వదిలేసే ఇఖ్తియార్ రెండూ హాకిం చేతిలోనే ఉండాలి. నేరం ఇక ఒక ఇంటికి జరిగిన గాయం కాదు, సర్కారుకు జరిగిన ధిక్కారం.

1862 జనవరి 1 నుంచి ఇండియన్ పీనల్ కోడ్ అమల్లోకి వచ్చాక ఆ ఫత్వా కాగితం కూడా పోయింది. 302వ సెక్షన్ వచ్చింది. మాటలు మాత్రం మిగిలాయి. మన తెలుగులో చూడండి: వకీలు, ఫిర్యాదు, జామీను, ఖైదు, ఖూనీ, ఫౌజుదారీ, రాజీ. ముద్దాయి అనే మాట అయితే తలకిందులే అయింది. ఉర్దూలో ముద్దయీ అంటే ఫిర్యాదు చేసేవాడు, తెలుగులో ముద్దాయి అంటే నేరం మోపబడ్డవాడు. మాఫీ అనే మాట కూడా మిగిలింది, కానీ కోర్టులో కాదు, రైతు రుణాల దగ్గర.

తమాషాగా ఉరి

కంపెనీ కాలంలో ఉరి చాటుగా తీసేది కాదు. జనం చూడాలి, భయపడాలి. 1847 ఫిబ్రవరి 22న కోయిలకుంట్లలో ఉయ్యాలవాడ నరసింహారెడ్డిని వేలమంది ముందు ఉరితీశారు. ప్రాణం తీయడంతో ఆగలేదు. ఆయన తలను కోట మీద వేలాడదీసి 1877 దాకా, ముప్ఫై ఏళ్ళు, అలాగే ఉంచారు. హైదరాబాదులో 1857 జూలై 17న బ్రిటిష్ రెసిడెన్సీ మీద దాడికి నాయకత్వం వహించిన తుర్రేబాజ్ ఖాన్ ది ఇంకో రకం కథ. ఆయనకు పడింది ఉరి కాదు, అండమాన్ ప్రవాసం. జైలు నుంచి తప్పించుకున్నాక 1859లో కాల్చి చంపారు. చచ్చిన మనిషిని తెచ్చి వేలాడదీశారు. శవానికి ఉరి ఎందుకు? శవం కోసం కాదు, చూసేవాళ్ళ కోసం. రెడ్డి తల, పఠాన్ శవం, రెండూ ఒకే పాఠం చెప్పడానికి వేలాడాయి.

ఇంగ్లండులో 1868లో బహిరంగ ఉరి ఆపేశారు. నెమ్మదిగా ఇక్కడా ఉరికంబం జైలు గోడల వెనక్కి పోయింది. తెల్లవారుజామున, ఊరు నిద్రలో ఉండగా, ఖైదీ బరువు చూసి తాడు పొడవు లెక్కకట్టి పని ముగించే పద్ధతి వచ్చింది. తమాషా పోయింది, తఖ్తా మిగిలింది. 1898 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ లో ప్రాణం పోయేదాకా మెడకు ఉరివేసి వేలాడదీయాలనే నియమం ఉంది. 1973లో కోడ్ మారినా 354వ సెక్షన్ లో ఆ మాట అలాగే కూర్చుంది. 1983లో ఉరి పద్ధతి క్రూరమని వాదిస్తే సుప్రీంకోర్టు కాదంది.

తాడు తెంచాలని చూసినవాళ్ళు

మన దేశంలో ఉరి రద్దు చేయాలన్న మాట కొత్తది కాదు. 1931లో బీహారు సభ్యుడు గయాప్రసాద్ సింగ్ కేంద్ర శాసనసభలో బిల్లు తేవాలని చూశారు. 1944లో తిరువాన్కూరు సంస్థానం మరణశిక్షను రద్దు చేసింది. ఇండియాలో కలిశాక అక్కడ అది తిరిగి వచ్చింది. ఆజాదీతో పాటు తిరిగొచ్చిన ఉరి అది!

రాజ్యాంగ సభలో ఏం జరిగిందో మనవాళ్ళలోనే ఎక్కువమందికి తెలియదు. 1948 నవంబరులో యునైటెడ్ ప్రావిన్సెస్ నుంచి వచ్చిన ముస్లిం లీగు సభ్యుడు జెడ్. హెచ్. లారీ ఒక సవరణ పెట్టారు. హింసతో కూడిన రాజద్రోహానికి తప్ప మిగతా అన్నిటికీ మరణశిక్ష రద్దు కావాలన్నది ఆ సవరణ. సభ ఒప్పుకోలేదు. విభజన నెత్తురు ఇంకా ఆరని రోజులవి. చంపడం, చావడం రోజూ పేపర్లో చదువుతున్న కాలంలో ఒక ముసల్మాన్ లేచి, చంపే ఇఖ్తియార్ సర్కారుకు వద్దని అడిగాడు. తర్వాత ఆయన పాకిస్తాన్ వెళ్ళిపోయారు. మనం ఆయన్ని మరిచిపోయాం. 1949 జూన్ లో అంబేద్కర్ కూడా అదే సభలో, ఉరిశిక్ష మీద అప్పీళ్ళ గురించి మాట్లాడుతూ, ఆ శిక్షనే తీసేయడం మేలని తన అభిప్రాయం చెప్పారు. 1958లో రాజ్యసభలో రద్దు తీర్మానం పెట్టినాయన సినిమా నటుడు పృథ్వీరాజ్ కపూర్. మొఘలె ఆజంలో కన్నకొడుక్కి మరణశిక్ష వేసే అక్బరుగా మనం చూసింది ఆయన్నే.

మన తెలుగు నేల మీద ఈ పోరాటం చాలా గట్టిగా జరిగింది. తెలంగాణ సాయుధ పోరాటం తర్వాత స్పెషల్ ట్రిబ్యునళ్ళు పన్నెండుమందికి ఉరిశిక్ష వేశాయి. వాళ్ళ కోసం లండన్ నుంచి డి. ఎన్. ప్రిట్ అనే పేరుమోసిన బారిస్టరు వచ్చి వాదించాడు. దేశదేశాల్లో ఆందోళన జరిగింది, చివరికి ఆ ఉరిశిక్షలు తగ్గిపోయాయి.

చట్టం కూడా మెల్లగా కదిలింది. 1955 దాకా ఖూనీ రుజువైతే ఉరే మామూలు శిక్ష. ఉరి వేయకపోతే ఎందుకు వేయలేదో జడ్జీ కారణం రాయాలి. ఆ ఏడాది ఆ నియమం తీసేశారు. 1973 కోడ్ దాన్ని తిరగేసింది. ఇప్పుడు యావజ్జీవమే మామూలు శిక్ష, ఉరి వేస్తే ప్రత్యేక కారణం రాయాలి. 1974లో ఈడిగ అనమ్మ కేసు ఆంధ్రప్రదేశ్ నుంచే సుప్రీంకోర్టుకు వెళ్ళింది. జంట హత్య. జస్టిస్ కృష్ణయ్యర్ ఆమె వయసు చూశారు, మామ కొట్టి వెళ్ళగొట్టిన బతుకు చూశారు, చేతిలో ఉన్న ఒక్క బిడ్డను చూశారు. ఉరిని యావజ్జీవంగా మార్చారు. నేరంతో పాటు మనిషిని కూడా చూడాలన్న ఆ తీర్పును తర్వాత దేశమంతా చెప్పుకుంది.

అదే కృష్ణయ్యర్ ముందుకు మరుసటి ఏడాది భూమయ్య, కిష్టాగౌడ్ వచ్చారు. ఆదిలాబాదు జిల్లా రైతాంగ పోరాటంలో పనిచేసినవాళ్ళు. రాష్ట్రపతి రహమ్ దర్ఖాస్తు తిరస్కరించాక ఇక కోర్టు చేయగలిగింది లేదని ఆయనే పిటిషన్ కొట్టేయాల్సి వచ్చింది. ఎమర్జెన్సీ రోజులు. 1975 డిసెంబరు 1న హైదరాబాదు ముషీరాబాదు జైలులో ఇద్దరినీ ఉరితీశారు. అనమ్మను కాపాడిన కలం వాళ్ళను కాపాడలేకపోయింది. జడ్జీ దిల్ లో రహమ్ ఉన్నా చాలదు, ఇఖ్తియార్ ఎక్కడ ఉందన్నదే అసలు సంగతి.

1980లో బచన్ సింగ్ తీర్పు అరుదైన వాటిలోకెల్లా అరుదైన కేసుల్లోనే ఉరి అంది. 1983లో మన తెలుగు జడ్జీ ఓ. చిన్నపరెడ్డి, ఉరిశిక్ష పడ్డవాణ్ణి రెండేళ్ళకు మించి ఆ నీడలో ఉంచితే ఇక ఉరితీయకూడదన్నారు. కొద్ది వారాలకే ఇంకో బెంచి ఆ రెండేళ్ళ లెక్క ఒప్పుకోలేదు. కానీ ఆయన నాటిన విత్తనం చావలేదు. 2014 జనవరిలో శత్రుఘ్న చౌహాన్ కేసులో సుప్రీంకోర్టు, రహమ్ దర్ఖాస్తుల మీద అకారణంగా ఏళ్ళకు ఏళ్ళు ఆలస్యం చేస్తే ఉరి తగ్గించవచ్చంది.

వేలూరు జైలు

ఇప్పుడు మన పక్కకే వద్దాం. ఐరాల నుంచి, చిత్తూరు నుంచి జబ్బు ముదిరితే మనం పోయేది వేలూరు. సీఎంసీ ఆసుపత్రి తెలియని ఇల్లు మన వైపు లేదు. ఆ వేలూరు జైల్లోనే రాజీవ్ గాంధీ హత్య కేసు ఖైదీలు ఏళ్ళ తరబడి ఉన్నారు. ముగ్గురిని ఉరితీయడానికి 2011 సెప్టెంబరు 9 తారీఖు కూడా పెట్టారు. కొద్ది రోజుల ముందు మద్రాసు హైకోర్టు ఆపింది. 2014 ఫిబ్రవరిలో, శత్రుఘ్న చౌహాన్ తీర్పు వచ్చిన నెల లోపే, సుప్రీంకోర్టు ఆ ఉరిశిక్షలను తగ్గించింది.

ఈ కేసులో వారిసులు ఏం చేశారు? ఉరిశిక్ష పడ్డ నళినికి తాడు వద్దని సోనియా గాంధీ కోరారు. 2000లో ఆమె శిక్ష యావజ్జీవంగా మారింది. 2008 మార్చిలో ప్రియాంక గాంధీ వేలూరు జైలుకు వెళ్ళి, తన తండ్రి హత్య కేసులో శిక్ష పడిన ఆ స్త్రీకి ఎదురుగా కూర్చుని మాట్లాడారు. రాజకీయాలు పక్కన పెట్టండి. వలీ, ఖైదీ ఎదురెదురుగా కూర్చున్న ఆ గది నాకు అల్ బఖరా ఆయతును గుర్తు చేస్తుంది. ఆ పేలుడులో చనిపోయిన మిగతావాళ్ళ కుటుంబాల్లో మాఫీకి ఒప్పుకోనివాళ్ళు కూడా ఉన్నారు. అది వాళ్ళ హఖ్. కానీ ఈ కథలో ఇంకో ముక్క ఉంది. ఆ ముగ్గురిలో ఒకడైన పేరరివాళన్ వాంగ్మూలం రాసుకున్న పోలీసు అధికారి, తాను కొన్న బ్యాటరీలు దేనికో తనకు తెలియదని అతను చెప్పిన మాటను వదిలేశానని 2013లో బయటపెట్టాడు. 2011లోనే తాడు బిగిసుంటే ఆ మాట ఎవరి సమాధి మీద చెప్పేవాడు?

తాడు ఎవరి మెడకు బిగుస్తుందన్నది కూడా చూడాలి. ఢిల్లీ నేషనల్ లా యూనివర్సిటీ 2016లో ఉరిశిక్ష పడ్డ ఖైదీల మీద పెద్ద నివేదిక తెచ్చింది. అందులో 76 శాతం వెనుకబడిన వర్గాలు, మతపరమైన మైనారిటీల వాళ్ళే. 74 శాతం పేదరికంలో ఉన్నవాళ్ళు. 1993లో చిలకలూరిపేట దగ్గర బస్సు తగలబడి 23 మంది చనిపోయిన కేసులో ఇద్దరు దళిత యువకులకు ఉరి పడింది. చాలా ఘోరమైన నేరం. ఒక రాష్ట్రపతి రహమ్ దర్ఖాస్తు తిరస్కరించారు. 1997 మార్చిలో ఆఖరి ఘడియల్లో సుప్రీంకోర్టు ఆపింది. తర్వాతి రాష్ట్రపతి కె. ఆర్. నారాయణన్ శిక్ష తగ్గించారు. అదే నేరం, అదే చట్టం, కుర్చీలో మనిషి మారాడు, రెండు ప్రాణాలు మిగిలాయి. 1790లో వారిసుల చేతిలోంచి తీసుకున్న మాఫీ చివరికి చేరింది ఇక్కడికి. చనిపోయినవాళ్ళ ముఖం చూడని, చంపినవాళ్ళ ముఖం చూడని ఒక ఆఫీసు బల్ల మీదికి.

తెనాలి తల్లి మాట

2007 డిసెంబరులో విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నం హాస్టల్లో హత్యకు గురైన తెనాలి ముస్లిం విద్యార్థిని కేసు మీకందరికీ గుర్తుండే ఉంటుంది. పోలీసులు ఒక పేద దళిత కుర్రవాణ్ణి పట్టుకొచ్చారు. ఆ బిడ్డ తల్లిదండ్రులు మొదటి నుంచీ ఒకటే మాట అన్నారు: ఇతను కాదు. వినలేదు. 2010లో శిక్ష పడింది. 2017 మార్చి 31న హైకోర్టు అతను నిర్దోషి అంది. అప్పటికి ఎనిమిదేళ్ళకు పైగా జైల్లో పోయాయి. అతనికి పడింది ఉరి కాదు కాబట్టి నడిచి బయటికొచ్చాడు.

కూతుర్ని పోగొట్టుకున్న ఇల్లు, ప్రతీకారానికి అందరికంటే ఎక్కువ హఖ్ ఉన్న ఇల్లు, ఇన్సాఫ్ కావాలి గానీ ఎవరో ఒకరి మెడ వద్దు అంది. చిత్తూరు అదాలతులో తల్లి మాట దఫ్తరులోకి ఎక్కకూడదని రాసిన రెగ్యులేషన్ రెండు వందల ఏళ్ళ తర్వాత కూడా బతికే ఉందనిపిస్తుంది.

మాఫీలోనూ మచ్చలున్నాయి

ఇంత చెప్పాక, అయితే షరియత్ చట్టమే తెచ్చేద్దాం అంటానని ఎవరూ అనుకోవద్దు. వారిసుల మాఫీకి ఉన్న మచ్చలు మనమే చెప్పాలి. పాకిస్తాన్ లో 1990 నుంచి ఖిసాస్, దియత్ చట్టమైంది. కూతుర్ని పరువు పేరుతో అన్న చంపితే తండ్రి మాఫీ చేసేవాడు. ఖాతిలూ ఇంట్లోనే, వలీ కూడా ఇంట్లోనే. 2016లో ఖందీల్ బలోచ్ హత్య తర్వాత గానీ ఆ కంత పూడ్చలేదు. డబ్బున్నవాడికి దియత్ ఒక బిల్లు, పేదవాడికి అది కొండ. సౌదీలో కత్తి, ఇరాన్ లో క్రేనుకు వేలాడే తాడు ఇంకా ఆగలేదు. దాన్ని ఇస్లాం పేరుతో మెచ్చుకోవడం మన పని కాదు. టర్కీ 2004లో, సెనెగల్ కూడా అదే ఏడాది, సియెర్రా లియోన్ 2021లో మరణశిక్షను పూర్తిగా తీసేశాయి. ఎక్కువమంది ముస్లింలే ఉన్న దేశాలు ఇవి. అక్కడ మసీదులు మూతపడలేదు, దీన్ ఎక్కడికీ పోలేదు.

మాఫీకి ఉన్న మంచి కూడా మనకు తెలుసు. దుబాయిలో ఒక నేపాలీ వాచ్ మన్ హత్య కేసులో సిరిసిల్ల ప్రాంతం కూలీలు ఐదుగురు జైలుపాలయ్యారు. కె. టి. రామారావు నేపాల్ వెళ్ళి ఆ కుటుంబానికి 15 లక్షల రూపాయలు ఇచ్చి మాఫీనామా తెచ్చారు. దాని మీద కూడా ఏళ్ళు పట్టింది, 2024లో వాళ్ళు ఇల్లు చేరారు. నేపాల్ లో భర్త లేని ఇల్లు, సిరిసిల్లలో కొడుకులు లేని ఇళ్ళు. ఆ డబ్బు పోయిన ప్రాణానికి ఖరీదు కాదు, కానీ ఒక ఇంటికి తిండి పెట్టింది, ఐదు ఇళ్ళకు మనుషుల్ని తెచ్చింది. మన కోర్టుల్లో ఖాతిల్ కు శిక్ష పడినా మఖ్తూల్ ఇంటి పొయ్యి వెలుగుతోందా లేదా అని ఎంతమంది అడుగుతున్నారు?

అందుకే నా మాట ఇది. శిక్ష వేసే పని సర్కారు దగ్గరే ఉండనీ, డబ్బుతో కొనడానికి వీల్లేకుండా. కానీ తాడు సర్కారు చేతిలో ఉండకూడదు. మాఫీ చేయాలా వద్దా అని వారిసులు పదేళ్ళ తర్వాత కూడా ఆలోచించుకోవచ్చు, మనసు మార్చుకోవచ్చు. తాడు బిగిశాక మార్చుకోవడానికి ఏమీ మిగలదు. ఈ తాడును మనకు అప్పజెప్పి వెళ్ళిన ఇంగ్లండు 1965లో ఖూనీకి ఉరి ఆపేసింది. తిమోతీ ఇవాన్స్ అనే కుర్రవాణ్ణి 1950లో ఉరితీశాక, అదే ఇంట్లో ఉన్న ఇంకొకడు వరస హంతకుడని బయటపడింది. ఆ గునాహ్ ఆ దేశాన్ని నిద్రపోనివ్వలేదు. మన లా కమిషన్ కూడా 2015లో ఉగ్రవాద కేసులు తప్ప మిగతా అన్నిటికీ ఉరి తీసేయమంది. ఆ నివేదిక బీరువాలో ఉంది.

ఇక్కడ నాకు కష్టమైన ప్రశ్న ఒకటుంది, దాటేసి పోతే బేఇమానీ అవుతుంది. 2024 జూలై 1 నుంచి వచ్చిన కొత్త చట్టంలో మూకదాడి హత్యకు కూడా మరణశిక్ష పెట్టారు. ఫ్రిజ్ లో మాంసం ఉందని, బండిలో ఆవు ఉందని కొట్టి చంపింది మనవాళ్ళను. ఆ చట్టం చదివినప్పుడు నా నఫ్స్ కొంచెం సంతోషించింది, అబద్ధం ఎందుకు? తర్వాత సిగ్గుపడ్డాను. వాళ్ళకు శిక్ష పడాలి, తప్పకుండా పడాలి. బయట పూలదండలతో స్వాగతం కాదు, లోపల ఏళ్ళు గడవాలి. కానీ తాడు మాత్రం వాళ్ళకూ వద్దు. నా వాళ్ళను చంపినవాడికి వద్దనలేని నోటితో నా వాళ్ళ మెడకు వద్దని ఎలా అడగను? ఒక్క ప్రాణాన్ని కాపాడితే ఇన్సానియత్ మొత్తాన్ని కాపాడినట్టేనని చదువుకున్న ఉమ్మత్ మనది. ఆ ఆయతులో ఆ ప్రాణం ఎవరిదో రాసి లేదు.

కటారి కుటుంబం దుఃఖం మీద తీర్పు చెప్పే హఖ్ నాకు లేదు. వాళ్ళు కోపంగా ఉంటే ఆ కోపం హలాల్. నేను అడిగేది మిగతా మనల్ని, అంటే టీ గ్లాసు పట్టుకుని పక్కవాడి తల గురించి మాట్లాడే మనల్ని.

మొన్న మళ్ళీ ఆ మిత్రుడు కనిపించాడు. ఈసారి నేనే మొదలుపెట్టాను. మా షరియత్ లో పది రోజుల్లో తల తీయడం కాదబ్బా, పదిమంది వారిసుల్లో ఒక్కరు వద్దన్నా తల మిగలడం ఉంది అన్నాను. ఆయన కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత, "అట్లయితే ఆ ఒక్కరి మీద ఊరంతా విరుచుకుపడదా భాయ్?" అని అడిగాడు.

పడుతుంది. అందుకే ఆ ఒక్కరి పక్కన నిలబడేవాళ్ళు కావాలి.